కుట్టేసిన క్లైమాక్స్

ఫిల్మ్ నగర్‌లో కథ చెప్పేవాళ్ళెవరూ క్లైమాక్స్ చెప్పరు. "అక్కడ్నుంచి మీరు ఊహించలేరు సార్" అని ఆపి, కాఫీ కప్పు అందుకుంటారు. ఎదుటివాళ్ళు సరేనన్నాకే మిగతాది. ఇక్కడ అందరికీ అది పద్ధతి, మా ఇంట్లో మాత్రం మడి. నాన్న నాకు అ ఆలు దిద్దించకముందే ఈ సంగతి నేర్పారేమో అనిపిస్తుంది.

నాన్న ఊళ్ళో ఉండగా పరిషత్తు పోటీలకు పద్యనాటకాలు రాసేవారు, హార్మోనియం వాయించేవారు. ఆ పేరు పట్టుకుని సినిమాల్లోకి వచ్చారు. వచ్చాక చేసిందల్లా ఇంకొకరి పేరు మీద డైలాగులు రాయడం. అలా రాసేవాళ్ళని ఇక్కడ ఘోస్టులంటారు. దెయ్యాలైనా అప్పుడప్పుడూ ఎవరికో ఒకరికి కనపడతాయిగానీ, నాన్న పేరు తెర మీద ఒక్కసారీ కనపడలేదు. కొత్త సినిమాకి వెళ్తే, పేర్లు పడుతున్నంతసేపూ అమ్మా నేనూ ఊపిరి బిగబట్టి కూర్చునేవాళ్ళం. పేర్లు అయిపోయేవి. "సరే, ఇక సినిమా చూడండి" అనేవారు నాన్న.

ఒకసారి ఏదో సిట్టింగ్‌లో, అంటే నలుగురూ గదిలో కూర్చుని కథ వినే చోట, తన సొంత కథ మొత్తం చెప్పి వచ్చారు. మొదటి సీను నుంచి శుభం దాకా. కొన్నాళ్ళకు అదే కథని ఇంకెవరి పేరుతోనో థియేటర్లో చూశాం. ఇంటికొచ్చి చెప్పులు కూడా విప్పకుండా కుర్చీలో కూలబడ్డారు. అమ్మ మంచినీళ్ళిస్తే పట్టుకుని కూర్చున్నారుగానీ తాగలేదు. ఆ సాయంత్రం నన్ను పిలిచి చెప్పారు. క్లైమాక్స్ ఎవరికీ చెప్పకు. చెప్పక తప్పకపోతే, ఒకచోట కావాలని ఒక మాట మార్చి చెప్పు. ఆ మారిన మాట ఎప్పుడైనా తెర మీద వినపడిందంటే దొంగెవరో తెలిసిపోతుంది. అప్పుడు నాకు జడలు కూడా సరిగ్గా వేసుకోవడం రాదు.

అలా పెరిగినదాన్ని, నేను అనుమానప్పక్షిని కాక ఇంకేమవుతాను? స్కూల్లో సంగీతం టీచరుగా పనిచేసినన్నాళ్ళూ, పిల్లలు బాగా పాడితే ఇంకెవరి దగ్గరో నేర్చుకుంటున్నారేమో అనుకునేదాన్ని. మా ఆయన బ్యాంకులో పనిచేసి రిటైరయ్యారు. ఆయనకి నన్ను ఆటపట్టించడమే ఇప్పుడు ఉద్యోగం. "కూరగాయలబ్బాయి కొత్తిమీర కొసరు వేస్తే కూడా, వీడికి మనతో ఏం పనుందో అంటుందండీ మా ఆవిడ" అని లిఫ్టులో కనపడ్డ వాళ్ళందరికీ చెప్తారు.

ఫిల్మ్ నగర్ ఎత్తు దిగే దారిలో మా ఫ్లాట్. హాల్లో నాన్న బీరువా ఉంటుంది. అద్దాల తలుపుల వెనక ఆయన పుస్తకాలు. రాకుమారులు, మాంత్రికులు, మాట్లాడే చిలకల కథలు ఒకవైపు. సంగీతం పుస్తకాలు ఇంకోవైపు, చాలావాటికి అట్టలు ఊడిపోయాయి. నాటకాలు నడుమ అరల నిండా ఉన్నాయి. రాజుల చరిత్రలన్నిటినీ మాత్రం మాయల కథల పక్కనే సర్దారు. ఎందుకలా అని చిన్నప్పుడు అడిగితే, "రెండూ పక్కపక్కన పెట్టుకుని చదివితేగానీ ఏది కల్పనో తెలియదమ్మా" అన్నారు. నేను ఆ వరస మార్చలేదు.

వాటన్నిటిలోకీ నా ప్రాణం ఒక్క పుస్తకం మీద ఉండేది. నాన్న రాసిన నాటకం. ఊళ్ళో స్నేహితులు కలిసి ఒక్కసారి అచ్చు వేయించారు. కొన్ని కాపీలు పంచిపెట్టారు, ఎంత వెతికినా వాటిలో ఒక్కటీ దొరకలేదు. మిగిలినవి చెదలు తిన్నాయి. చివరికి మిగిలింది మా బీరువాలో ఉన్న ఒక్కటే. దాన్ని ఎర్రగడ్డలో ఒక బైండరు దగ్గరికి తీసుకెళ్ళి, ముదురెరుపు రెక్సిన్ అట్ట వేయించి, వెన్ను మీద నాటకం పేరూ నాన్న పేరూ బంగారు అక్షరాల్లో అద్దించాను. బీరువా తెరిస్తే ముందు ఆ పేరే మెరిసేది.

నాటకం కథ చెప్తాను. యుద్ధంలో ఓడి పారిపోయి వచ్చిన ఒక రాజు, తాను గెలిచినట్టు పాట కట్టి సభలో పాడమని ఆస్థాన గాయనిని ఆజ్ఞాపిస్తాడు. ఆమె దగ్గర ఒక మాయవీణ ఉంటుంది. అబద్ధం పాడితే దాని తీగ తెగిపోతుంది. పాడకపోతే ఆమె తల తెగుతుంది. ఆఖరి రంగంలో సభ నిండుతుంది, ఆమె వీణ ఎత్తుకుంటుంది. తర్వాత ఏం పాడిందో ఇక్కడ రాయను. అలవాటు.

పోయిన వేసవిలో మా ఇంటికి ఇద్దరొచ్చారు. ముందు వచ్చినాయన ఒక సినిమా ఆర్ట్ డిపార్ట్‌మెంట్ మనిషి. ఏభై దాటి ఉంటాయి, నుదుట కుంకుమబొట్టు, చేతిలో మెజరింగ్ టేపు. పాత గ్రామఫోన్లు, నగిషీ కుర్చీలు ఎవరింట్లో ఉన్నాయో వాకబు చేసుకుంటూ వీళ్ళు ఈ చుట్టుపక్కల తిరుగుతూనే ఉంటారు. ఏదో జానపదం తీస్తున్నారట, పాత సంస్థానంలో లైబ్రరీ సెట్టట, నిజమైన పాత పుస్తకాలు కావాలట.

నోరు విప్పగానే ఆయనది మా ఊరి వైపేనని తెలిసిపోయింది. "మీరేం కంగారు పడకండమ్మగారూ, పసిపిల్లల్ని చూసుకున్నట్టు చూసుకుంటానండి" అన్నాడు. మా మేనమామ మాట్లాడినట్టే ఉంది. నాకు సగం అనుమానం అక్కడే ఎగిరిపోయింది.

ఆయన ఒక్క పుస్తకం కూడా తెరవలేదు. రెండడుగులు వెనక్కి వేసి, ఒక కన్ను మూసి, బీరువాని కెమెరాలోంచి చూసినట్టు చూశాడు. "ఆ ఎర్రట్ట పుస్తకం ఎవరిదండి? గోల్డు లెటర్సు బ్రహ్మాండంగా ఉన్నాయి."

"మా నాన్నగారిది. ఆయనే రాశారు."

"అయితే ఇంకేం! నాన్నగారి పేరు కెమెరాకి ఎదురుగా పెడతానండి. తెర మీద పడుద్ది."

తెర మీద పడుద్దంట! నాన్న ఉండగా పడలేదు. ఇప్పుడు పుస్తకం వెన్ను మీద పడినా పేరు పేరే కదా. ఆ మాట కోసం ఆయన ఇంకేం అడిగినా ఇచ్చేసేదాన్నేమో.

రెండో మనిషి ఒక అమ్మాయి. డైరెక్షన్ డిపార్ట్‌మెంట్‌లో అసిస్టెంట్ అని చెప్పింది, ఇల్లు ఎర్రగడ్డలోనేనట. పెద్ద కళ్ళద్దాలు, భుజాన సంచీ. పెద్దాయన కొలతలు తీసుకుంటుంటే ఈ పిల్ల ఏం చేసిందనుకున్నారు? సరాసరి ఆ ఎర్రట్ట పుస్తకమే తీసి, నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చుని, పెదాలు కదుపుతూ చదవడం మొదలుపెట్టింది. సెట్టుకి కావలసింది అట్టలు కదా, ఈ పిల్లకి లోపలి కథతో ఏం పని?

"ఆంటీ, గీ నాటకం మస్తున్నది" అంది తలెత్తి. "జర రెండు దినాలు ఇస్తరా? చదివి తెచ్చిస్త."

"ఇవ్వను."

"పోనీ చెప్పుండ్రి, ఎండింగ్ ఏమైతది? పాడుతదా, పాడదా?"

ఇంకేముంది! ఎండింగ్ అడిగిందంటే దొంగే. నేను పుస్తకం ఆమె చేతిలోంచి లాక్కుని బీరువాలో పెట్టి తాళం వేశాను. ఆ పిల్ల టీ తాగి వెళ్ళింది. వెళ్తూ వెళ్తూ బీరువా వైపు చూసింది. నేను చూశాను ఆ చూపు.

"అంత అనుమానమైతే ఆ ఒక్క పుస్తకం ఇవ్వకు" అన్నారు మా ఆయన.

"ఇవ్వకపోతే నాన్న పేరు ఎలా పడుతుంది?"

"మరయితే ఇచ్చి ఊరుకో."

ఊరుకోవడం నా వల్ల అయ్యే పనా? భోజనాలయ్యాక కిటికీ దగ్గర కూర్చుని, లావు సూదిలో తెల్లదారం పేట వేసి ఎక్కించి, నాటకంలో ఆఖరి రంగం ఉన్న కాగితాలన్నీ కలిపి మూడువైపులా కుట్టేశాను. చివర్న నేను మాత్రమే వేసే ముడి ఒకటి ఉంది, తంబురా తీగెలు కట్టీ కట్టీ అలవాటైన ముడి. విప్పితే మళ్ళీ అలా వేయడం ఇంకొకరికి రాదు. ఎవరైనా తెరిస్తే నాకు ఇట్టే తెలిసిపోవాలి.

"పుస్తకానికి జాకెట్టు కుడుతున్నావా ఏంటి?" అన్నారు మా ఆయన పేపరు మీదుగా చూస్తూ.

"క్లైమాక్స్ కుడుతున్నాను."

"మీ నాన్న కూతురివనిపించావు" అని మళ్ళీ పేపర్లో దూరారు.

పుస్తకాలు అట్టపెట్టెల్లో సర్దుకుని వెళ్ళిపోయాయి. బీరువా బోసిపోయింది. నాకు మనసు మనసులో లేదు. షూటింగ్ మొదలైందని తెలియగానే డబ్బా నిండా పులిహోర కలుపుకుని జూబ్లీ హిల్స్‌లో ఆ స్టూడియోకి వెళ్ళాను. సినిమావాళ్ళు గేటు దగ్గర మనిషిని ఆపుతారుగానీ పులిహోరని ఆపరు.

ఫ్లోర్ అనే ఆ పెద్ద షెడ్డు లోపలికి అడుగుపెట్టి నిలబడిపోయాను. చుట్టూ ప్లైవుడ్డూ తాళ్ళూ, నడుమ మాత్రం సాక్షాత్తూ సంస్థానం. నేల నుంచి పైదాకా అరలు, అరల నిండా పుస్తకాలు. మన కంటికి సరిగ్గా ఎదురుగా ఉన్న అరలో ముదురెరుపు వెన్ను, బంగారు అక్షరాల్లో నాన్న పేరు. పైనుంచి లైటు కూడా దాని మీదే పడుతోంది. నాకు ఏడుపు ఆగలేదు. ఆర్ట్ మనిషి కుర్చీ తెప్పించాడు. "చూశారా అమ్మగారూ, చెప్పానా లేదా?" అన్నాడు. ఆయనకి చేతులెత్తి దణ్ణం పెట్టాను.

లంచ్ బ్రేక్ అన్నారు. అందరూ భోజనాలకి వెళ్తే నేను పులిహోర డబ్బా ఇచ్చేసి, వెళ్ళేముందు ఆ పేరు ఇంకోసారి చూసుకుందామని వెనక్కి వచ్చాను. అరలో ఎర్రట్ట లేదు. సెట్టు వెనకాల, తెరచాటున, ఆ కళ్ళద్దాల పిల్ల నేల మీద కూర్చుని ఉంది. ఒళ్ళో పుస్తకం, చేతిలో ఫోను. నన్ను చూడగానే ఫోను సంచీలో వేసుకుంది.

"ఏంటిది?" అన్నాను.

"ఊకనే ఆంటీ, చదువుతున్న."

"ఫోనెందుకు?"

"టైం చూస్తున్న."

ఎవరి చెవిలో పువ్వు పెడుతోంది! పుస్తకం లాక్కుని చివరి కాగితాలు తడిమి చూశాను. కుట్టు కుట్టినట్టే ఉంది, ముడి నేను వేసిందే. పట్టుకున్నానే తల్లీ, అనుకున్నాను. నా బుర్రకి నేనే మురిసిపోతూ సరాసరి ఆర్ట్ మనిషి దగ్గరికి వెళ్ళి, "ఆ పిల్లని ఈ పుస్తకం దగ్గరికి రానివ్వకండి, ఇది మళ్ళీ దొరికేది కాదు" అని మరీ మరీ చెప్పాను.

"నాకు వదిలేయండమ్మగారూ" అన్నాడు ఆయన, నోట్లో వక్కపొడి నములుతూ. "రేపట్నుంచి దాన్ని ఎవరూ తియ్యలేని చోట పెడతానండి."

ఆ మాటతో నాకు ప్రాణం కుదుటపడింది. ఇంటికొచ్చి, మన వైపు మనిషి మన వైపు మనిషేనండీ అని మా ఆయనతో అన్నాను.

షెడ్యూలు అయిపోయింది. పుస్తకాల పెట్టెలు తిరిగి వచ్చాయి. అన్నీ హాల్లో గుమ్మరించి వెతికాను. చరిత్రలు వచ్చాయి, సంగీతం వచ్చింది, మాంత్రికులూ చిలకలూ వచ్చారు. కొన్ని నాటకాలు కనపడలేదు. ఎర్రట్ట లేదు. మళ్ళీ వెతికాను. పెట్టెలు తిరగేసి దులిపాను. మా ఆయన సోఫా కింద కూడా చూశారు పాపం, పెట్టెలో వచ్చింది సోఫా కిందికి ఎలా వెళ్తుందని నేను అరిచేదాకా.

ఆర్ట్ మనిషికి ఫోన్ చేశాను. "సెట్టు మీదే ఉందండి, ఇంకో రెండు షాట్లు బాకీ ఉన్నాయండి, భద్రంగా ఉందండి" అన్నాడు. నాకు నమ్మకం కలగలేదు. ఆయన మీద కాదు. ఆయన కన్నుగప్పి ఆ పిల్ల కొట్టేసి ఉంటుంది, ఈ అమాయకుడికి ఆ సంగతి తెలియదు అనుకున్నాను. రాత్రంతా ఆ ఫోను దాచిన చెయ్యే కళ్ళ ముందు ఆడింది.

తెల్లారగానే స్టూడియోకి బయల్దేరాను. వద్దంటున్నా మా ఆయన వెంట వచ్చారు. దారిలో ఏదో కొత్త బంగళా కోసం కొండబండని మిషన్లతో పగలగొడుతున్నారు, ఆ దుమ్ములో ఆటో ఆగిపోయింది. గేటు దాటగానే ఆ పిల్ల ఎదురుపడింది. చేతిలో కాగితాలు, చెవి వెనక పెన్ను.

"దొంగా!" అన్నాను. అన్నానంటే చిన్నగా కాదు. టిఫిన్లు తింటున్న వాళ్ళందరూ ప్లేట్లు పట్టుకుని చూశారు. "మా నాన్న పుస్తకం ఎక్కడ పెట్టావు? ఎవరికి అమ్మావు కథ? సిగ్గుండాలి. చదువుకున్నదానివి, ఆడపిల్లవి!" ఇంకా ఏవేవో అన్నాను. మా ఆయన నా భుజం పట్టుకుని "చాలు, ఊరుకో" అంటూనే ఉన్నారు.

ఆ పిల్ల మొహం ఎర్రబడింది. కళ్ళద్దాలు తీసి తుడుచుకుంది. "పుస్తకం నేను తీయలే ఆంటీ" అంది. "మీకు ఫోన్ చేసి చెప్దామనుకున్న, ధైర్యం కాలే. రండి, చూపిస్త."

ఫ్లోర్‌లోకి తీసుకెళ్ళింది. లైబ్రరీ చాలావరకు విప్పేశారు. ఒక్క గోడ మిగిలి ఉంది. ఆ గోడకి అరలతో సహా ఒక తలుపు. తలుపు నిండా పుస్తకాల వెన్నులు, నడిమధ్యన ముదురెరుపు, నాన్న పేరు. అమ్మయ్య, ఉంది! పరుగెత్తి వెళ్ళి లాగాను. రాలేదు. గోరు పెట్టి లాగాను. వెన్ను కదిలి, కింద తెల్లటి థర్మోకోల్ పొడి రాలింది. వెన్ను వెనక పుస్తకం లేదు.

ఆర్ట్ మనిషి నవ్వుతూ వచ్చాడు. ఆయన మొహంలో తప్పు చేశానన్న ఛాయ కూడా లేదు. సీక్రెట్ డోర్ అట. హీరో ఒక్క చేత్తో తోస్తే పుస్తకాల అర తిరిగి వెనక గుహ కనపడాలట. నిజం పుస్తకాలు పెడితే బరువుకి తలుపు వాలిపోయిందట, బందులు ఊడొచ్చాయట. "అందుకని వెన్నులు కోసి థర్మోకోల్ మీద అతికించామండి. మామూలుగా అందరం చేసే పనేనండి ఇది. మంచి మంచివి ఏరాను. నాన్నగారిదే ముందు పెట్టానండి. మీరే కదా అన్నారు, ఎవరూ తీయకూడదని."

"లోపలి కాగితాలు?" అన్నారు మా ఆయన.

ఆర్ట్ మనిషి తలుపు తోశాడు. తేలిగ్గా తిరిగింది. వెనక చీకటి గుహ, నల్లటి బండలు. "గుహకి బండలు కావాలి కదండీ. కాగితం నానబెట్టి, పిండి జిగురు కలిపి, దాంతోనే చేస్తాం. ముట్టుకు చూడండి, రాయిలా ఉండదూ?" అని, నా మొహం చూసి మొదటిసారి తడబడ్డాడు. "అలాంటి పుస్తకం ఇంకోటి తెప్పిస్తానండి అమ్మగారూ. కోఠీలో దొరకని పుస్తకం ఉండదండి."

బయట నిజం బండల్ని పగలగొడుతున్నారు, లోపల మా నాన్న నాటకంతో బండ చేసి పెట్టారు. తిట్టాలనుకున్నాను. తిట్టి ఏం లాభం? ఆ మనిషికి తెలియదు, తెలియజెప్పినా అర్థం కాదు. ఆయన దృష్టిలో పుస్తకం క్షేమంగానే ఉంది, కెమెరాకి కనపడే మేరకు. నేను గుహలోకి వెళ్ళి ఒక బండ మీద చెయ్యి వేశాను. పై రంగు చల్లగా ఉంది. చేతికి ఏదో గుచ్చుకుంటే వంగి చూశాను. తెల్లదారం. రంగులోంచి వేలెడు బయటికి పొడుచుకుని ఉంది. లాగితే నల్లటి కాగితపు ముద్దతో సహా ఊడి వచ్చింది. దాని చివర నా ముడి, వేసింది వేసినట్టే ఉంది. ఎవరూ విప్పలేదు.

అక్కడే కూలబడి ఏడ్చాను. పేరు పడాలని ఇచ్చాను. పేరు తలుపు మీద ఉంది, నాటకం రాయిలో ఉంది. నాన్న పోయిన రోజున కూడా అలా ఏడవలేదు. అప్పుడు కనీసం ఆయన రాసింది బీరువాలో ఉందిలే అనుకున్నాను.

మా ఆయన నన్ను లేపి బయటికి తీసుకొచ్చారు. వేపచెట్టు నీడలో నిలబెట్టి, ఆటో పిలవడానికి రోడ్డు మీదికి వెళ్ళారు. ఆ పిల్ల వెనకే వచ్చి కాస్త దూరంలో నిలబడింది.

"ఆంటీ, ఒకటి చెప్త. తిట్టద్దు."

నేను రోడ్డు వైపే చూస్తున్నాను.

"మీరు అన్నది నిజమే. నేను దొంగతనం చేసిన." సంచీలోంచి ఫోను తీసింది. "మీరు చదవనీకె ఇయ్యనన్నరు గదా. లంచ్ బ్రేకులల్ల కూసొని పేజీ పేజీ ఫొటో తీసిన. అట్ట కాడికెల్లి మొదలువెట్టి."

ఫోను నా మొహం ముందు పెట్టింది. నాన్న నాటకం. అంకితం, పాత్రల పేర్లు, మొదటి రంగం. అంచున చెద తిన్న చిల్లులు కూడా ఉన్నాయి. ఆ పిల్ల వేలితో తోస్తూ పోతోంది, నేను చూస్తూ పోతున్నాను. ఆ పిల్లని ఒక్కటి పీకాలో, గట్టిగా పట్టుకోవాలో నాకు తెలియలేదు. ముక్కు తుడుచుకుని, "ఎందుకు తీశావు?" అన్నాను.

"నచ్చింది. నేను గూడ కథలు రాసుకుంటున్న ఆంటీ. గీ వీణ ముచ్చట నా తలకాయల నుంచి పోతలేదు."

చూశారా! కథ కోసమే. నేను మొదట్నుంచీ అనుకున్నదే. నా అనుమానం తప్పని మీరు అనుకోకండి. దొంగేగానీ, ఆ దొంగ లేకపోతే నాకు ఇప్పుడు ఆ రాయి తప్ప ఏమీ లేదు.

ఫొటోలు అయిపోయాయి. చివరి ఫొటో, కుట్టిన కాగితాల్లో పైకి కనపడే పేజీది. అందులో సభ నిండింది, గాయని వీణ ఎత్తుకుంది. కింద అంచున నా తెల్లదారం కుట్టు.

"తర్వాతవి?"

"మీరు కుట్టిర్రు గదా. కుట్టు కాడ ఆగిన. దారం తెంపబుద్ధి కాలే. అంత జాగ్రత్తగా కుట్టుకున్నరంటే, గది మీ ఇంటిదేదో అయి ఉంటది అనిపించింది."

ఆటో వచ్చింది. నేను ఎక్కి కూర్చున్నాక తల బయట పెట్టి, "ఆదివారం పొద్దున్నే ఇంటికి రా" అన్నాను. మా ఆయన నా వైపు విచిత్రంగా చూశారు.

వచ్చింది. ఫొటోలన్నీ కాగితాల మీద ప్రింటు తీసి, చక్కగా వరసపెట్టి తెచ్చింది. మా ఆయన పెసరట్లు వేశారు. నేను స్నానం చేసి హార్మోనియం ముందు కూర్చున్నాను. ఆఖరి రంగం నాకు నోటికి వచ్చు. ఊళ్ళో రిహార్సళ్ళప్పుడు నాన్న ఒళ్ళో కూర్చుని హార్మోనియం గాలితిత్తి, అదే బెల్లోసు, కొట్టినదాన్ని, మరిచిపోవడం ఎలా సాధ్యం? కానీ ఇంతవరకూ బయటివాళ్ళ ముందు ఒక్క ముక్క పలకలేదు. మా ఆయన కూడా దాన్ని నా నోట వినలేదు.

పిల్ల ఫోను హార్మోనియం మీద పెట్టి నొక్కింది. ఎర్రచుక్క వెలిగింది. ఆ చుక్కని చూడగానే నాకు మళ్ళీ అనుమానం మొదలైంది. ఈ గొంతు ఎక్కడికి పోతుంది? ఎవరు వింటారు? రేపు ఇది ఏ సినిమాలో తేలుతుంది?

మొదలుపెట్టాను. సభ, రాజు, మంత్రి, గాయని లేచి నిలబడడం. మాటలు చెప్తూ, పద్యాలు పాడుతూ చివరి పద్యం దాకా వచ్చాను. గాయని చివరిగా పాడే పద్యం అది. రెండో పాదం మొదట్లో ఒక మాట ఉంది. అది నాలుక మీదికి వస్తుండగా నాన్న చెప్పింది గుర్తొచ్చింది. మార్చేశాను. అర్థం చెడకుండా, తాళం తప్పకుండా, ఆ చోట ఇంకో మాట పెట్టి పాడేశాను. తడుముకోలేదు కూడా. నా దగ్గర మాయవీణ లేదు కనక ఏ తీగా తెగలేదు.

పాట అయిపోయింది. పిల్ల ఫోను ఆపింది. కళ్ళద్దాల కింద నీళ్ళు కారుతున్నాయి. వంటింటి గుమ్మంలో అట్లకాడ పట్టుకుని మా ఆయన అలాగే నిలబడిపోయారు.

తర్వాత ఆ పిల్ల ప్రింట్ల వెనక తెల్లకాగితం మీద పెన్నుతో రాసుకోవడం మొదలుపెట్టింది. రాస్తూ రాస్తూ ఆగి, "ఆంటీ, గా రెండో లైన్ల ఒక మాట ఉన్నది చూడుండ్రి" అంది. "మీ నాయిన ఆ మాట ఎట్ల పట్టిండో గానీ, మొత్తం నాటకమంత ఆ ఒక్క మాటల ఉన్నది."

నేను మార్చిన మాట. పెదాలతో దాన్ని రెండుసార్లు అనుకుని, కింద గీత గీసింది. నాన్న పేరు రాసి దాని పక్కన ఆ మాట రాసింది. పుస్తకం లేదు. ఇంకో కాపీ లేదు. ఇక నా తర్వాత ఎవరడిగినా మా నాన్న రాసింది అదే. దొంగని పట్టుకోవడానికి నేను పెట్టిన మాటే ఆయన మాటయిపోతుంది.

"ఆ మాట కొట్టెయ్యి" అన్నాను.

"ఏమైంది ఆంటీ?"

"ఆ మాట నాన్నది కాదు, నాది. ఫోనులో ఉన్నది కూడా చెరిపెయ్యి. మళ్ళీ పాడతాను."

పిల్ల పెన్ను పక్కన పెట్టింది. "మరి తప్పెందుకు పాడిర్రు?"

"నువ్వు దొంగవని."

అది నవ్వింది. మా ఆయన కూడా నవ్వారు. నాకు మాత్రం నవ్వు రాలేదు.

"మరి ఇప్పుడు?" అంది.

"ఇప్పుడూ దొంగవే" అన్నాను, బెల్లోసు తెరుస్తూ. "ఎర్రచుక్క పెట్టు."